ఆర్నెల్లు మూసిన ఇల్లు

మా తమ్ముడు పోయింది అరకులో, మా ఇంటి వెనక గదిలో, నా కళ్ళెదుట. వాడి గొంతు ఎక్కడ పోయిందో మాత్రం నాకు ఇప్పటికీ తెలియదు. ఏ దేశంలోనో, ఆ దేశంలో ఏ ఊళ్ళోనో, చల్లటి గదిలో వరసగా పేర్చిన మిషన్లలో ఏ మిషన్‌లోనో. చెప్పే నాథుడు లేడు. మా వీధిలోకి కాఫీ తాగడానికొచ్చే పట్నం కుర్రాళ్ళు ఫోన్‌తో ఫొటోలు తీసుకుని "క్లౌడ్‌లో ఉంటాయి ఆంటీ, ఎక్కడికీ పోవు" అంటూ ఉంటారు. నాకు ఒళ్ళు మండుతుంది. మా తమ్ముడూ అచ్చం అలాగే అనేవాడు, అప్పటికి ఆ క్లౌడ్ అనే పేరు మా కొండల్లోకి రాలేదు, అంతే తేడా.

మాది విజయనగరం పక్క పల్లె. నేనూ తమ్ముడూ బడికి వెళ్ళే వయసులో నాన్న మమ్మల్ని అరకు తీసుకొచ్చి ఇంటి ముందుగదిలోనే కిరాణా కొట్టు పెట్టారు. ఉప్పు, కిరసనాయిలు, ఎండు చేప అమ్మడం. చింతపండు, పిప్పళ్ళు, పసుపు కొనడం. సంతరోజు తెల్లారేసరికి కొండలమీంచి మనుషులు దిగేవారు. వాళ్ళు మా నాన్నని నమ్మి చేసే పని ఒకటుండేది. మోసుకెళ్ళలేని సామాను, ఇంట్లో దాచుకోలేని సామాను మూట కట్టి మా కొట్టు వెనక గదిలో పెట్టి వెళ్ళేవారు. మూటల మీద పేర్లుండవు. అడవిలో దొరికే అడ్డతీగ నారతో ఎవరి ముడి వాళ్ళు వేసేవారు. మళ్ళీ వచ్చినప్పుడు మనిషి వచ్చి తన ముడి ఎలా ఉంటుందో చెబితే నాన్న ఆ మూట తీసి ఇచ్చేవారు. చెప్పలేకపోతే ఇచ్చేవారు కాదు. రెండు మూడేళ్ళయినా రాని మూటలు కూడా అలాగే అటక మీద పడి ఉండేవి. అమ్మ వాటిని చూసి విసుక్కునేది. "ఆలింక రారు, ఒగ్గేయి" అంటే నాన్న వినేవారు కాదు. "పెట్టుకోమని ఇచ్చినోడు వొస్తాడే, ఏనాటికైనా వొస్తాడు" అనేవారు.

నాన్న తొంభైల చివర్లో గుండెపోటుతో పోయారు. నిలువెత్తు మనిషి కొట్లో తూకం వేస్తూ వేస్తూ కూలబడిపోయారు. ఆయనకి ఉన్నది ఒకే ఒక్క ఫొటో. దానికే అద్దం కట్టించి గోడకి పెట్టాం. అరకు తేమ సంగతి తెలియనివాళ్ళకి చెప్పినా అర్థం కాదు. నాలుగు నెలలు వాన, రెండు నెలలు మంచు, గోడలు ఎప్పుడూ చెమర్చే ఉంటాయి. రెండో వానాకాలానికి అద్దం లోపల తెల్లగా బూజు పట్టింది. ముందు చెవి దగ్గర మొదలైంది, తర్వాత బుగ్గ, తర్వాత కళ్ళు. మేం తుడుద్దామని అద్దం విప్పితే ఫొటో అద్దానికి అంటుకుపోయి ముఖం సగం అద్దంతోనే వచ్చేసింది. అమ్మ ఆ అద్దం ముక్కని ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. తమ్ముడు గోడకి తల కొట్టుకున్నాడు. అప్పటికి వాడు పార్వతీపురంలో మావయ్య ఇంట్లో ఉండి డిగ్రీ చదువుతున్నాడు.

డిగ్రీ అయ్యాక వాడు కంప్యూటర్ కోర్సు చేసి తిరిగొచ్చాడు. నాన్న కొట్టు ఖాళీ చేసి, చింతపండు వాసన పోయేదాకా సున్నం కొట్టి, రెండు కంప్యూటర్లు పెట్టి నెట్ సెంటర్ తెరిచాడు. అప్పటికి రెండువేల సంవత్సరం దాటి కొన్నేళ్ళయింది. ఊళ్ళో అందరూ నవ్వారు. "అడివిలో నెట్టు ఏటిరా, నీకు మతిపోనాదేటి" అని మావయ్య కూడా అన్నాడు. నేనూ అన్నాను. కానీ జనం వచ్చారు. పరీక్షల ఫలితాలు చూసుకునే పిల్లలు, కాఫీ తోటల పని మీద వచ్చిన ఉద్యోగులు, టీచర్లు. నేను వాడి పక్కన కూర్చుని నేర్చుకున్నాను. మౌస్ పట్టుకుంటే నా చెయ్యి వణికేది, వాడు పడీపడీ నవ్వేవాడు. నేను ఒకటి పీకేదాన్ని.

పెదబయలు ఆసుపత్రిలో పనిచేసే నర్సమ్మ ఒకావిడ వారానికోసారి వచ్చేది. దూరాన ఉన్న అక్కకి పొడుగాటి ఉత్తరాలు రాసుకునేది, మెయిల్‌లో. ఒకరోజు గంటసేపు రాశాక కరెంటు పోయింది. మా ఊళ్ళో కరెంటు పోవడం వింతేమీ కాదు గానీ, ఆవిడ గుండెలు బాదుకుంది. అంతా పోయిందంది. తమ్ముడు నింపాదిగా కుర్చీలో వెనక్కి వాలాడు.

"మీరు మజ్జలో సేవ్ నొక్కారు కదమ్మా?"

"నొక్కేను బాబూ. కానీ మిషన్ సచ్చిపోనాది కదా!"

"మిషన్ సచ్చిపోతే మీ ఉత్తరానికేటి? అది ఇందల నేదమ్మా. ఎప్పుడూ నేదు."

ఆవిడకి అర్థం కాలేదు. నాకూ అప్పటికి సరిగ్గా అర్థం కాలేదు. వాడు మా ఇద్దరికీ కలిపి చెప్పాడు. ఈ డబ్బా ఉత్త కిటికీ అన్నాడు. మీరు రాసి, నొక్కిన ప్రతిసారీ ఆ మాటలు టెలిఫోన్ తీగ మీద ఘాటీ దిగి, విశాఖ దాటి, సముద్రం దాటి ఎక్కడో ఉన్న పెద్ద మిషన్‌కి చేరతాయి. రాసింది దాచేదీ, వెతికిపెట్టేదీ, పంపేదీ అదే. పని చేసి, చేసినదాని బొమ్మ మాత్రం ఇక్కడికి తిప్పి పంపుతుంది. అందుకే ఇక్కడ కరెంటు పోయినా అక్కడ పోదు. ఇక్కడ సగం రాసి, మిగతా సగం పాడేరులో కూర్చుని రాసుకోవచ్చు. ఆ మిషన్ ఒక్కటి కాదు, వందలూ వేలూ. ఒకటి పాడైతే ఇంకోదానిలో నకలుంటుంది. లక్షలమంది సరుకు ఒకేచోట ఉన్నా ఎవరి గది వాళ్ళదే. పేరూ, ఒక రహస్యపు మాటా చెబితే తలుపు తీస్తుంది.

"మా నాన్న కొట్లో మూటల్లాగన్నమాట," అన్నాడు వాడు. "ఎవులి ముడి ఆలది. ముడి సెప్పినోడికి మూట."

నర్సమ్మకి చప్పున అర్థమైంది. నాకూ అర్థమైంది. ఆ తర్వాత మా సెంటర్‌కి ఎవరొచ్చినా వాడు ఇదే చెప్పేవాడు, కొండమీంచి వచ్చిన ముసలివాళ్ళకి కూడా. అన్నీ సరిపోయేవి. సరిపోని సంగతి ఒకటుందని వాడికీ తెలియదు, నాకూ తెలియదు. ఆ ఒక్కటే మా కొంప ముంచింది.

నాన్న ముఖాన్ని బూజు తినేశాక వాడికి ఫొటోల పిచ్చి పట్టుకుంది. కాఫీ తోటల ప్రాజెక్టులో పనిచేసే స్నేహితుడి దగ్గర డిజిటల్ కెమెరా అడిగి తెచ్చుకునేవాడు. అమ్మ పొయ్యి ఊదుతుంటే తీసేవాడు, నేను జడ వేసుకుంటుంటే తీసేవాడు. వాడివి నేను తీసేదాన్ని. గుమ్మంలో నిలబడి పళ్ళికిలించినవి, అమ్మ మెడ చుట్టూ చేతులేసినవి, మంచులో స్వెటర్ లేకుండా వణుకుతూ హీరోలా నిలబడినవి. కాగితం మీద వేయిద్దామని నేను పోరు పెట్టాను. "కాయితమైతే బూజు తింటాదప్పా. పైన ఎడదాం. ఆడికి తేమ రాదు" అన్నాడు. మా కంప్యూటర్లో దాచనూ లేదు. వచ్చేపోయేవాళ్ళ ఫ్లాపీలతో దానికి నెలకోసారి వైరస్ పట్టేది, వాడు మొత్తం తుడిచి మళ్ళీ మొదటినుంచి ఎక్కించేవాడు. అందుకని ప్రతి ఫొటోనూ తన మెయిల్ నుంచి తన మెయిల్‌కే పంపుకుని, ఇక్కడున్నది చెరిపేసేవాడు.

గొంతు కూడా అలాగే దాచాడు. సెంటర్‌లో మైకున్న హెడ్‌ఫోన్ ఒకటుండేది. ఓ మధ్యాహ్నం జనం లేనప్పుడు అమ్మని పక్కన కూర్చోబెట్టుకుని, రికార్డు చేస్తున్నానని చెప్పకుండా మాట్లాడించాడు. కూరేమిటని మొదలుపెట్టి, అమ్మ పెళ్ళిలో నాన్న బండి బురదలో దిగబడిన కథ దాకా లాగాడు. మధ్యమధ్యలో వాడి నవ్వు. వాడి నవ్వు ఎలాంటిదంటే, ముందు ముక్కులోంచి వచ్చి, ఆపుకుందామని చూసి, ఆపుకోలేక బద్దలయ్యేది. తర్వాత అమ్మ చెవులకి హెడ్‌ఫోన్ పెట్టి వినిపించాడు. అమ్మ ఉలిక్కిపడి వెనక్కి చూసింది.

"ఓలమ్మా! నా సెవిలో కూకుని మాటాడతన్నావేట్రా!"

వాడు నేల మీద దొర్లి నవ్వాడు. ఆ తర్వాత అమ్మ వారానికోసారైనా అడిగి పెట్టించుకునేది. అలాంటివి ఓ పదీ పన్నెండు దాచాడు. వానకి ఫోన్ లైను పోయిన రోజుల్లో అమ్మకి తోచేది కాదు. "మన మాటలు మనం ఇనుకోడానికి ఆల్నెవుల్నో అడుక్కోవాలేట్రా?" అనేది. వాడు "అడుక్కోడం కాదే, మనవే, ఆడ దాసుకున్నాం. ఎక్కడికీ పోవు" అనేవాడు.

ఆ కొండల్లో చలిజ్వరం రాని మనిషి లేడు. వాడికీ ఏటా వచ్చేది, మాత్రలేసుకుని తిరిగేవాడు. ఆసారి కూడా అలాగే అనుకున్నాం. మొదటిరోజు మాత్ర వేసుకుని సెంటర్‌లోనే కూర్చున్నాడు. రెండోరోజు దుప్పటి కప్పుకుని పడుకున్నాడు. మూడోరోజు పొద్దున్న నన్ను చూసి ఎవరని అడిగాడు. విశాఖ తీసుకెళ్ళడానికి జీపు మాట్లాడాం. ముందురోజు వానకి ఘాటీలో చరియ విరిగిపడింది, రోడ్డు తీసేదాకా జీపు కదలదన్నారు. మధ్యాహ్నానికి కబురొచ్చింది, దారి తీశారని. జీపు మా గుమ్మంలో ఆగింది. అప్పటికి అమ్మ ఒళ్ళో వాడి తల బరువెక్కిపోయింది. వాడికి ఇరవయ్యారేళ్ళు. ఇంతకంటే ఆ రోజు గురించి నేను రాయలేను.

శవం ఇంట్లో ఉండగానే పంతులుగారు నక్షత్రం చూశారు. ధనిష్ఠ అన్నారు. మావాళ్ళలో ఆ సంగతి చిన్నపిల్లలకి కూడా తెలుసు. ధనిష్ఠా పంచకంలో మనిషి పోతే ఆ ఇల్లు పాడు పెట్టాలి. తాళం వేసి, ముళ్ళకంప అడ్డం పెట్టి, ఆరు నెలలు ఎవరూ గడప తొక్కకూడదు. తొక్కితే అదే ఇంట్లోంచి ఇంకో మనిషి పోతారంటారు. ఇంకేదో నక్షత్రమైతే రెండు నెలలతో పోయేది. నేను పంతులుగారి మీద ఇంతెత్తున లేచాను. ఆయనేం చేస్తాడు, నక్షత్రాన్ని ఆయనేమైనా పెట్టాడా. అమ్మ నా చెయ్యి పట్టుకుని కూర్చోబెట్టింది. రెండు సంచులతో పార్వతీపురం మావయ్య ఇంటికి వెళ్ళిపోయాం. ఇంటి తాళంచెవి అమ్మ బొడ్లో దోపుకుంది.

దినకర్మకి ఫొటో కావాలన్నారు. మా దగ్గర వాడి ఫొటో కాగితం మీద ఒక్కటే ఉంది, మావయ్య బీరువాలో దొరికిన పదో తరగతి హాల్‌టికెట్ మీది బొమ్మ. దాన్నే పెద్దది చేయించారు. మీసం రాని ముఖం, బిత్తరచూపులు, చెంప మీద రబ్బరు స్టాంపు అంచు. దండ వేసి పెట్టారు. అమ్మ దాని ఎదురుగా కూర్చుని కాసేపు చూసింది.

"ఈడు నా కొడుకు కాడే. ఎవుడో గుంటడు," అంది.

అందరూ దుఃఖంలో ఏదో అంటోందనుకున్నారు. నాకు తెలుసు, అమ్మ ఉన్నమాటే అంది. నా తమ్ముడి ముఖం అది కాదు. అసలు ముఖం, అసలు నవ్వు ఎక్కడున్నాయో మా ఇద్దరికీ తెలుసు. అమ్మ ఆ దుఃఖంలో పట్టుకుని వేలాడింది ఆ ఒక్కదాన్నే. పరామర్శకి వచ్చినవాళ్ళందరికీ చెప్పేది, నా కొడుకు గొంతు ఉంది, ఫొటోలున్నాయి, ఆర్నెల్లాగి ఇల్లు తీస్తే సూసుకుంటాను, ఇనుకుంటాను అని. వాళ్ళు తల ఊపి నా వైపు జాలిగా చూసేవారు. అమ్మకి మతి చలించిందనుకునేవారు.

పార్వతీపురంలోనే నెట్ సెంటర్ ఉంది కదా, అక్కడినుంచే తెరవచ్చు కదా అని నాకు తట్టకపోలేదు. మూడోవారమే వెళ్ళాను. వాడి మెయిల్ పేరు తెలుసు. రహస్యపు మాట తెలియదు. అరకులో మా మిషన్ దాన్ని గుర్తుపెట్టుకునేది. మొదటి అక్షరం కొట్టగానే పేరు దానంతటదే వచ్చేది, కింద గడిలో నల్లచుక్కలు వరసగా పడేవి, వాడు ఎంటర్ నొక్కేవాడు. ఆ మాట కొడుతుండగా వాడి చేతివేళ్ళు నేనెప్పుడూ చూడలేదు. అమ్మ పేరు కొట్టాను, నాన్న పేరు, నా పేరు, ఊరి పేరు. కాదు, కాదు, కాదంది. మర్చిపోయారా, అయితే ఈ ప్రశ్నకి జవాబు చెప్పండంది: మీ చిన్ననాటి ప్రాణస్నేహితుడెవరు? నాకు తెలిసిన పేర్లన్నీ కొట్టాను. కాసేపటికి ఇంక చాలు, రేపు రమ్మంది. రేపూ వెళ్ళాను, ఎల్లుండీ వెళ్ళాను. ఆ కుర్చీలోనే ఏడ్చేశాను. వాడి అక్కని నేను, నన్ను బయట నిలబెట్టి నువ్వెవరంటుంది. ఎంత కోపమొచ్చిందంటే కీబోర్డు ఎత్తి కొట్టేదాన్నే, సెంటరతను వచ్చి మంచినీళ్ళిచ్చాడు.

ఇంటికొచ్చి అమ్మని తాళంచెవి అడిగాను.

"ఒక్క గంటేనమ్మా. ఎల్లి, మిషన్ ఎట్టి, ఆ సుక్కల్తో తలుపు తీసుకుని, ఆడి రగస్యం మాట మార్సుకుని ఒచ్చెస్తాను. ఆ తరవాత ఈడ కూకునే రోజూ ఇనొచ్చు."

"ఆ గడప తొక్కుతావేటి? ఓలమ్మా, ఒద్దు!"

"అయన్నీ వొట్టి మాటలమ్మా."

"వొట్టి మాటలే అవనీ. నాకు మిగిలింది నువ్వొక్కదానివేనే. నీకేటైనా అయితే నానేటైపోవాల? ఆడి గొంతు ఇనాలని నీకంటే నాకు నేదేటి? పొద్దు లెగిస్తే అదే గోస. ఆర్నెల్లు ఓర్సుకుంటాను. ఆడు ఎక్కడికీ పోడు. ఆడే సెప్పాడు."

నేను తలుపు బద్దలుకొట్టడానికైనా వెనకాడే మనిషిని కాను. కానీ అమ్మ రెండు చేతులతో బొడ్డు దగ్గర ఆ తాళంచెవిని పట్టుకుని గోడ మూలకి నక్కి నిలబడింది, నేనేదో లాక్కుంటానన్నట్టు. కొడుకు గొంతు కావాలని ప్రాణం కొట్టుకుంటూ, కూతురి కోసం దాన్ని ఆపుకుంటున్న మనిషిని నేనేం చేయను? సరేనన్నాను. పైగా నాకూ ఒక ధీమా ఉంది. అది మా ఇంట్లో లేదు, చెదలు పట్టదు, బూజు పట్టదు, పాడైతే నకలుంటుంది. ఇంకో ఐదు నెలలు ఆలస్యమైతే దానికేమవుతుందనుకున్నాను.

ఆరు నెలలూ గడిచాయి. పంతులుగారు వచ్చి శాంతి చేయించి ముళ్ళకంప తీయించారు. తలుపు తీయగానే తేమ వాసన గుప్పుమంది. గోడల నిండా ఆకుపచ్చ చారలు, వాడి చెప్పుల మీద తెల్లటి బూజు. అమ్మ పాలు పొంగించింది గానీ మనసు పాల మీద లేదు. ఎలకలు వైర్లు కొరికేసి ఉంటాయనీ, మిషన్ లేవదనీ నేను దారంతా భయపడుతూనే వచ్చాను. స్విచ్ వేస్తే బుర్రుమని లేచింది. ఫోన్ లైను బతికే ఉంది. మోడెం కీచుమని అరిచి అందుకుంది. అమ్మ పక్క కుర్చీలో కూర్చుని, పైటచెంగుతో హెడ్‌ఫోన్ తుడిచి, తానే చెవులకి పెట్టుకుంది.

మొదటి అక్షరం కొట్టాను. వాడి పేరు వచ్చింది. కింద చుక్కలు పడ్డాయి. ఎంటర్ నొక్కాను. తలుపు తెరుచుకుంది.

తెల్లటి పేజీ, ఇంగ్లీషులో నాలుగు ముక్కలు. ఈ ఖాతాని నాలుగు నెలలకి పైగా ఎవరూ తెరవలేదు కనక ఆపేశాం, ఇందులో ఉన్నవన్నీ తీసేశాం, మళ్ళీ మొదలుపెట్టాలంటే ఇక్కడ నొక్కండి. నాకు ఇంగ్లీషు తక్కువ, తప్పుగా చదివానేమోనని మళ్ళీ చదివాను. నొక్కాను. లోపలికి వెళ్ళింది. ఒకే ఒక్క ఉత్తరం ఉంది, ఆ క్షణమే వచ్చింది. వాడి పేరు పెట్టి స్వాగతం చెబుతోంది. కొత్తగా చేరినందుకు సంతోషమట.

పంపినవాటిలో చూశాను. సగం రాసి ఆపినవాటిలో చూశాను. చెత్తబుట్టలో కూడా చూశాను. చెత్త కూడా తీసేశారు. కంప్యూటర్లో వెతికాను, జ్వరం రావడానికి వారం ముందే వాడు దాన్ని మొత్తం తుడిచి మళ్ళీ ఎక్కించాడు, ఆ తర్వాత గుర్తుపెట్టుకున్న ఆ రహస్యపు మాట తప్ప అందులో ఏమీ లేదు. కెమెరా ఎప్పుడో తిరిగిచ్చేశాడు.

"ఏటీ ఇనబడ్డం నేదే," అంది అమ్మ, హెడ్‌ఫోన్ రెండు చేతులతో చెవులకి అదుముకుని.

"లైను బాగోనేదమ్మా," అన్నాను.

"పోన్లే. ఆర్నెల్లున్నోళ్ళం, ఇంకో రోజుండలేమేటి."

ఆ సాయంత్రమే కంపెనీకి రాశాను. నాకొచ్చిన ఇంగ్లీషులో బతిమాలాను, మా తమ్ముడు చచ్చిపోయాడు, మా ఇల్లు మూసి ఉంది, మా ఆచారం అది, ఒక్క నకలైనా ఉంటే ఇవ్వండి అని. మీ ఉత్తరం అందిందని వెంటనే మిషనే జవాబిచ్చింది. నాలుగు రోజుల తర్వాత మనిషి రాసినట్టున్న జవాబొచ్చింది. జరిగినదానికి చింతిస్తున్నాం. తీసేసినవి నకళ్ళతో సహా తీసేస్తాం, తిరిగి తేలేం. చేరేటప్పుడు మీరు ఒప్పుకున్న నిబంధనల్లో ఈ సంగతి ఉంది. దాని కింద నిబంధనల పేజీ ఇచ్చారు. నా దుంపతెగ, చదివాను. ఉంది. ఎంతో కిందన, చీమ తలకాయలంత అక్షరాల్లో. ఎవరు చదువుతారు? మా నాన్న కొట్లో మూట పెట్టేటప్పుడు ఎవరైనా నిబంధనలు చదివారా? డబ్బు తీసుకోకుండా దాచిపెట్టేవాడికి, వాడకుండా పడి ఉన్నది బరువట, చోటు దండగట, అందుకని ఊడ్చేస్తారట. నేను గట్టిగా తిట్టిన తిట్లు వీధి చివరిదాకా వినిపించాయి. ఆ తిట్లు ఎవరికి తగిలాయో నాకు తెలియదు. తగలడానికి అవతల ఒక ముఖమంటూ లేదు.

ఆ నాలుగు రోజులూ అమ్మ పొద్దున్నే స్నానం చేసి వచ్చి నా పక్కన కూర్చునేది. లైను వచ్చిందా అని అడిగేది. రాలేదంటే లేచి వెళ్ళి వంట చేసుకునేది. ఐదోరోజు కూడా వచ్చి కూర్చుంది. హెడ్‌ఫోన్ చెవులకి పెట్టుకోబోతుంటే నేను చెయ్యి పట్టుకున్నాను.

"నేదమ్మా," అన్నాను.

"ఏటి నేదు?"

"తమ్ముడి గొంతు. ఫొటోలు. ఏటీ నేవు. తీసేసారు."

"ఎవులు?"

"ఆ మిషన్లోళ్ళు."

అమ్మ నా ముఖంలోకి చూసింది. నేను వేళాకోళమాడటం లేదని తెలియడానికి కొంతసేపు పట్టింది. నేను అనుకున్నాను, ఇప్పుడు గుండెలు బాదుకుంటుంది, పంతుల్ని తిడుతుంది, ఇల్లు మూసింది నానే కదే అని నేల మీద పడి దొర్లుతుంది, ఆమెని ఎలా పట్టుకోవాలి అని. అమ్మ అవేవీ చేయలేదు. చాలా మెల్లగా అడిగింది.

"ఆలకి మనమేటి అపకారం సేసాం?"

"ఏటీ సెయ్యనేదమ్మా. ఆలకి మనమెవులమో తెలీదు. ఇన్నాళ్ళపాటు ఎవులూ తలుపు తియ్యకపోతే, దాని తాలూకు మనుషులింక ఎవులూ నేరనుకుని తుడిసేస్తారట. అది ఆల పద్ధతి."

అమ్మ హెడ్‌ఫోన్ ఒళ్ళో పెట్టుకుంది. గుమ్మం వైపు చూసింది, ఇంకా పూర్తిగా ఊడ్చని ముళ్ళకంప చెత్త వైపు.

"మూసేసిన ఇల్లు కదా. ఎవులు సూసినా అలగే అనుకుంటారు," అంది.

అమ్మ ఆ తెరకి దగ్గరగా జరిగింది. దాని మీద ఏం రాసుందో ఆమెకి చదవడం రాదు. అయినా వంగి, లోపల ఎవరో ఉన్నట్టు, వాళ్ళకి వినబడాలన్నట్టు దాంతోనే అంది.

"ఎవులూ నేరనుకున్నారా బాబూ? మేం ఉన్నాం కదా."